ప్యాలెస్ వెయ్యడం తేలిక, వంటిల్లే కష్టం

"సినిమా ఆర్ట్ డిపార్ట్‌మెంట్‌లో చేరాలంటే ఫైన్ ఆర్ట్స్ డిగ్రీ తప్పనిసరా?" అని అడిగారు. హైదరాబాద్ మాసాబ్‌ట్యాంక్‌లో ఆ డిగ్రీ చేసి వచ్చినవాళ్లు మాలో ఉన్నారు, వాళ్ల గీత చూడముచ్చటగా ఉంటుంది. నాకైతే డిగ్రీ లేదు, ఎవరూ అడగనూ లేదు. సెట్ డెకరేషన్‌కి గీత కన్నా నలుగురి ఇళ్లూ చూసిన కళ్లు ముఖ్యం.

ప్యాలెస్ ఎవరైనా వేస్తారు. ప్లైవుడ్, ప్లాస్టర్ ఆఫ్ పారిస్, బంగారు రంగు, నాలుగు షాండ్లియర్లు. రాజుగారి హాలు అసలెలా ఉండేదో థియేటర్లో ఎవడికి తెలుసు? అదే వంటిల్లయితే, టికెట్ కొన్న ప్రతివాడూ అందులో తిని పెరిగినవాడే.

ఒకసారి 1980ల నాటి గుమాస్తా ఇల్లు వెయ్యాల్సి వచ్చింది. ఎర్రగడ్డ ఆదివారం సంత, జుమ్మెరాత్ బజార్ గాలించి వత్తుల స్టవ్, నల్ల స్విచ్చులు, సొట్టల బిందె పోగేశాం. చిక్కంతా స్టీలు గిన్నెలతోనే. మనవాళ్లు గిన్నెల మీద పేర్లు కొట్టిస్తారు కదా! ఒకదాని మీద గృహప్రవేశం తారీఖు కూడా ఉంది, అదీ 1996. దాన్ని గోడవైపు తిప్పి పెట్టాం.

అంతా సర్దాక, బామ్మ వేషానికొచ్చిన జూనియర్ ఆర్టిస్టు ఒకావిడ లోపలికొచ్చి చూసి, "ఇందులో ఎవరూ వండలేదు నాయనా" అంది. "స్టవ్ వెనక మసేదీ? పోపు చిందిన మరకేదీ? అల్మారా తలుపు పట్టుకునే చోట జిడ్డేదీ?" అంటూ కొంగు బిగించింది. మేకు కొట్టించి రబ్బరు బ్యాండ్లు తగిలించింది. తలుపు వెనక పెన్సిల్‌తో పాల లెక్క గీతలు గీసింది. చివరికి నిజంగానే స్టవ్ వెలిగించి ఆవాలు, ఎండుమిర్చి వేయించింది. ఫ్లోరంతా ఘాటు, లైట్‌మెన్‌కి ఒకటే తుమ్ములు. మా పెయింటర్ పొద్దుటి నుంచి టీ డికాక్షన్ పూసినా రాని పాతదనం ఆ గోడకి గంటలో వచ్చేసింది.

తీరా షాట్‌లో హీరోగారు స్టవ్‌కి అడ్డంగా నిలబడ్డారు. వెనకంతా బ్లర్.

మా పని ఇలాగే ఉంటుంది. బంధువులు కూడా "ఏ హీరోతో చేశావు?" అంటారే తప్ప ఏం చేశావని అడగరు. 1957 నాటి 'మాయాబజార్' గురించి గంటలు మాట్లాడేవాళ్లని దానికి కళాదర్శకులెవరని అడిగి చూడండి, పదిమందిలో తొమ్మిదిమంది నీళ్లు నములుతారు. గోఖలే, కళాధర్ అండీ!

డబ్బుల సంగతంటారా, కాల్‌షీట్ లెక్కన, అంటే షూటింగ్ షిఫ్టుకింత అని, బేటా (భత్యం) ఇస్తారు. చిన్న సినిమాలకి ఆ బాకీ వసూలు చేసుకోవడమే ఇంకో ఉద్యోగం. చేరాక మొదట్లో అంతా మోత పనే. అద్దె సామాను తేవాలి, లెక్క రాయాలి, షాట్ షాట్‌కీ ఫొటో తీసుకుని ఉన్నది ఉన్నట్టు మళ్లీ సర్దాలి, పగలకుండా తిరిగివ్వాలి. పగిలితే బేటాలో కోతే. అందుకే గాజు సామాను తెచ్చేటప్పుడు రసీదు మీద సంతకం మాత్రం మేనేజర్‌తోనే పెట్టించండి.