ఒడిశాలోని గోపాల్‌పూర్ బీచ్‌లో ఉన్న శిథిలాలు పాత లైట్‌హౌసువేనా?

కావండి. మీరు ఫొటోలో పెట్టిన మొండి గోడలు, నీళ్ళలో నిలబడ్డ స్తంభాలు పాత రేవువి. లైట్‌హౌసు ఇంకా పనిచేస్తూనే ఉంది, మూతపడింది రేవు. మాది పక్కనే బరంపురం. ఈ రెండూ కలిపేసి కథలు చెప్పేవాళ్ళు ఇక్కడ చాలామందే ఉన్నారు.

అసలు ఇక్కడ ఓడ ఒడ్డుకు వచ్చేదే కాదు. అడ్డూ ఆపూ లేని తీరం, అలల జోరెక్కువ. స్టీమర్లు దూరంగా లంగరు వేసేవి. సరుకైనా మనిషైనా మసూలా పడవలో అలలు దాటి అక్కడికి చేరాల్సిందే. ఆ పడవకు మేకులుండవు, పలకల్ని కొబ్బరి పీచు తాడుతో కుడతారు. మేకులు కొట్టిన పడవ అల దెబ్బకు విరిగిపోతుంది, కుట్టిన పడవ కాస్త వంగి తట్టుకుంటుంది. నడిపింది నోలియాలు, ఇప్పటికీ తెలుగు మాట్లాడే మన జాలర్లు. నన్నడిగితే ఆ గోడలకంటే వీళ్ళ పనితనమే గొప్ప.

రేవు బతికింది రంగం, అంటే బర్మాలోని రంగూన్, రాకపోకల మీద. అప్పటికి మా గంజాం జిల్లా మద్రాసు ప్రెసిడెన్సీలోదే, ఒడిశాలో కలిసింది 1936లో. వరి కోతలకు, బియ్యం మిల్లులకు, రంగం రేవులో మూటలు మోయడానికి తెలుగువాళ్ళూ ఒడియావాళ్ళూ ఇక్కడ స్టీమరెక్కేవారు. మా ముత్తాత కూడా అలా వెళ్ళినవాడే. ఆయన తెచ్చిన టేకు పెట్టె మా ఇంట్లో ఉంది. ఇత్తడి బద్దీలు నల్లబడ్డాయి గానీ మూత ఇప్పటికీ బిర్రుగా పడుతుంది. మా అమ్మ అందులో దుప్పట్లు దాస్తుంది.

1930లో రంగం రేవులో తెలుగు కూలీలకూ బర్మావాళ్ళకూ పెద్ద గొడవలయ్యాయి. 1937లో బర్మాను ఇండియా నుంచి విడదీశారు. 1941 డిసెంబరులో జపాన్ రంగం మీద బాంబులు వేశాక ఆ దారే మూసుకుపోయింది. చాలామంది కొండలూ అడవులూ పట్టుకుని నడిచొచ్చారు, దారిలో పోయినవాళ్ళూ ఎందరో. ఇసుక మేటవేసి రేవు పోయిందంటారు కొందరు. నేనైతే ఒప్పుకోను. ఓడలు ఎటూ ఒడ్డుకు రానిచోట ఇసుకతో పనేముంది? రైలొచ్చాక సరుకు అటు మళ్ళింది, యుద్ధంతో జనమూ ఆగిపోయారు.

చూడాలనుకుంటే సాయంత్రం పూట రండి. ఒక్క మాట: ఆటో అతనికి ‘గోపాల్‌పూర్ పోర్టు’ అని చెప్పకండి, ఛత్రపురం వైపు ఆర్జిపల్లిలో ఉన్న కొత్త పోర్టు గేటు దగ్గర దింపేస్తాడు. బీచ్ అనండి చాలు.