ప్రవక్త చెప్పేది జోస్యమా?

సందేహం: టీవీలో పొద్దున్నే పెద్దలు చేసేదీ ప్రవచనమే, పక్కింటివారి బైబిలులో యెషయా చేసేదీ ప్రవచనమే. ఒకచోట పురాణ వ్యాఖ్యానం, మరోచోట జరగబోయేది చెప్పడం. ఏ అర్థం సరైనది? రాబోయే సంగతి చెబుతూ యెషయా ‘మనకు శిశువు పుట్టెను’ అని భూతకాలం వాడాడేమిటి? అనువాద దోషమా? స్త్రీ అయితే ‘ప్రవక్తురాలు’ అనవచ్చా? – ఒక పాఠకుడు

సమాధానం: ‘ప్ర’ అంటే ముందు, కాబట్టి ప్రవక్త అంటే ముందుగా చెప్పేవాడు అని చాలామంది లెక్క కట్టేస్తున్నారు. మన ‘ముందు’ చేసే మాయ ఇది. ఎదుట అన్నా ముందే, గతంలో అన్నా ముందే, ఇకపై అన్నా ముందే. ‘ప్ర’కి ఆ చిక్కు లేదు. ప్రసరించడం, ప్రవహించడం, ప్రకటించడం: లోపలున్నది వెలుపలికి, ఇక్కడున్నది అవతలికి సాగడమే అందులో ఉంది. ప్రవచనం అంటే విడమరచి, వినిపించి చెప్పడం. తైత్తిరీయోపనిషత్తు ‘స్వాధ్యాయ ప్రవచనాలను ఏమరవద్దు’ అని శిష్యుణ్ణి హెచ్చరించింది. రేపటి సంగతులు చెప్పడం మానవద్దని కాదు కదా!

పాణిని దగ్గర ఇంకా పదునైన విభజన ఉంది. ‘తేన ప్రోక్తమ్’ (4.3.101) ఒక సూత్రం, ‘కృతే గ్రంథే’ (4.3.116) మరొకటి. కృతమంటే ఒకరు తానే కట్టినది. ప్రోక్తమంటే ఒకరి నోట వెలువడినదే గాని, ఆయన కట్టినదని అర్థం రాదు. తెలుగునాట వైదికుల్లో ఎక్కువమందిది యజుర్వేదంలోని తైత్తిరీయ శాఖ. తిత్తిరి అనే ఋషి దానికి ప్రవక్తే గాని కర్త కాడు. హెబ్రీ ‘నాబీ’కి తెలుగులో ‘ప్రవక్త’ అని పెట్టినవారికి ఈ సూత్రం గుర్తుందో లేదో గాని, మాట మాత్రం అచ్చంగా అతికింది.

‘నాబీ’ మనకు కొత్తది కాదు. గోడమీది క్యాలెండరులో ‘మిలాద్ ఉన్ నబీ’ అని ఏటా కనబడే అరబ్బీ ‘నబీ’ దీని తోబుట్టువే. వీటికి చుట్టమైన ప్రాచీన భాష అక్కాడియనులో దగ్గరి ధాతువుకు ‘పిలుచు’ అని అర్థం. పిలిచేవాడా, పిలవబడినవాడా అని పండితులు ఇంకా తగవులాడుతూనే ఉన్నారు. వ్యుత్పత్తి తేలకపోయినా ప్రయోగం తేలుస్తుంది. నిర్గమకాండం 7:1లో దేవుడు మోషేతో అన్న మాటగా ‘నీ అన్న అహరోను నీకు ప్రవక్తగా ఉంటాడు’ అని ఉంది. అదే సంగతి 4:16లో ‘అతడు నీకు నోరుగా ఉంటాడు’ అని. అహరోను చెప్పిన జోస్యం ఒక్కటీ లేదు. అన్న తమ్ముడికి నోరయ్యాడు, అంతే. జరగబోయేదీ మరుగున ఉన్నదీ చూసేవాడికి హెబ్రీలో వేరే మాటలున్నాయి, తెలుగు బైబిలు ‘దీర్ఘదర్శి’ అంది. ఇప్పుడు ప్రవక్త అనే వాణ్ణి పూర్వం దీర్ఘదర్శి అనేవారని 1 సమూయేలు 9:9 చెబుతుంది. అంటే రెండు అర్థాలూ కలిసిపోవడం అప్పటికే మొదలైందన్నమాట.

యూదుల విభజనలో యెహోషువ, న్యాయాధిపతులు, సమూయేలు, రాజుల గ్రంథాలు కూడా ‘ప్రవక్తలు’ అనే భాగంలోనివే. అవి చరిత్రలు! జరగబోయేది చెప్పడంలో పేరుబడ్డ దానియేలు మాత్రం ఆ భాగంలో లేడు. ఇక ‘పెద్ద ప్రవక్తలు, చిన్న ప్రవక్తలు’ అనడం గ్రంథాల పొడవును (ఆనాడు గ్రంథమంటే చుట్టిపెట్టిన చుట్ట) బట్టి వచ్చిన మాట. ఓబద్యా 21 వచనాలే, యెషయా 66 అధ్యాయాలు. చిన్న ప్రవక్త అంటే తక్కువ ప్రవక్త అనుకుని రాసేవారిని చూస్తే జాలేస్తుంది.

ప్రోక్తం అన్నానుగా, దాని ఫలితం యిర్మీయా 36లో కళ్లకు కడుతుంది. క్రీ.పూ. 605 ప్రాంతం. యిర్మీయా ప్రవక్త చెబుతుంటే అతని లేఖకుడు బారూకు సిరాతో చుట్టమీద రాశాడు. మరుసటి ఏడు చలికాలంలో యెహోయాకీము రాజు కుంపటి ముందు కూర్చుని, మూడు నాలుగు పుటలు చదివించుకున్నప్పుడల్లా ఆ ముక్కను చాకుతో కోసి నిప్పులో వేశాడు. యిర్మీయా మళ్లీ చెప్పాడు, బారూకు మళ్లీ రాశాడు. ‘అలాంటి మాటలు ఇంకా అనేకం చేరాయి’ అని ఆ అధ్యాయమే ఒప్పుకుంటుంది. గ్రీకు అనువాదంలోని యిర్మీయా హెబ్రీ ప్రతికంటే దాదాపు ఎనిమిదో వంతు చిన్నది, వరుసా వేరు. మృతసముద్రం దగ్గర దొరికిన హెబ్రీ ముక్కల్లో ఈ చిన్నదానితో కలిసేవీ ఉన్నాయి. అధ్యాయాల వరుసే కాలక్రమమని నమ్మి చదివితే తికమక తప్పదు.

మరెలా చదవాలి? ముందు ఏ రాజు కాలమో చూడాలి, చాలాసార్లు మొదటి వచనంలోనే ఉంటుంది. తరువాత మాట ఎక్కడ మొదలై ఎక్కడ ముగిసిందో పట్టాలి. ‘యెహోవా సెలవిచ్చునదేమనగా’, ‘ఇదే యెహోవా వాక్కు’ అన్నవి హద్దురాళ్లు. మొదటిది దూతల పలుకుబడి. అష్షూరు రాజు పంపిన రబ్షాకే యెరూషలేము గోడ దగ్గర నిలబడి తన రాజు పేరుతో మొదలుపెట్టిందీ అలాగే (2 రాజులు 18:19). అధ్యాయాల గీతలు హద్దులు కావు, అవి మధ్యయుగంలో పడ్డవి. ఆపైన ‘నేను’ ఎవరో చూడాలి. ఒక్కోసారి ప్రవక్త, ఒక్కోసారి దేవుడు, వాక్యం మధ్యలోనే మారిపోతారు.

‘మీరు’ ఎవరన్నది మన వాళ్లు పడే గొయ్యి. యిర్మీయా 29:11ను క్యాలెండర్లమీద అచ్చువేస్తారు: ‘సమాధానకరమైన ఉద్దేశములేగాని హానికరమైనవి కావు’. చదివినాయన ‘మిమ్మును’ అంటే తననే మన్నించి అన్నారనుకుంటాడు. పాత తెలుగు బైబిలులో రాజును కూడా చాలావరకు ‘నీవు’ అనే అంటారు, అక్కడ ‘మీరు’ బహువచనమే. బబులోనుకు చెరపట్టుకు పోయినవారందరికీ రాసిన ఉత్తరం అది. పై వచనంలోనే డెబ్బై ఏళ్లు అని గడువు ఉంది, అంటే ఆ ఉత్తరం విన్న పెద్దల్లో చాలామంది తిరుగు ప్రయాణం చూడరు. (‘సమాధానం’ అక్కడ శాంతి. ఈ శీర్షికలో దొరికే సరుకు కాదు.)

ఇక మీ భూతకాలం. ‘పుట్టెను’ అనువాద దోషం కాదు. యెషయా 9:6లో హెబ్రీ క్రియలు నాలుగూ జరిగిపోయిన పనిని చెప్పే రూపంలోనే ఉన్నాయి: పుట్టాడు, అనుగ్రహింపబడ్డాడు, భుజంమీద భారం నిలిచింది, పేరు పెట్టారు. మన అనువాదకులు మొదటి రెండింటిని ‘పుట్టెను’, ‘అనుగ్రహింపబడెను’ అని ఉంచి, తరువాతివాటికి ‘ఉండును’, ‘పెట్టబడును’ అన్నారు. దోషం అనాలంటే అక్కడ అనండి, అదీ గట్టిగా కాదు. హెబ్రీ క్రియ ముఖ్యంగా చూసేది పని ముగిసిందా లేదా అన్నది. తప్పదని తేలిన పనిని ముగిసినట్టే చెప్పడం మనకూ ఉంది. ‘నాన్న చూశాడంటే చచ్చావే!’ అంటాం, చచ్చినవాడు ఎదురుగా నిలబడి వింటూనే ఉంటాడు. ఇక్కడ యెషయా పుట్టిన బిడ్డనే అన్నాడని కొందరు, పుట్టబోయే బిడ్డను అన్నాడని కొందరు. రూపం ఇద్దరినీ కాదనదు.

ఈ రూపాన్ని వాడటంలో ఆమోసు ప్రవక్తను మించినవాడు లేడు. యెరూషలేముకు దక్షిణాన ఉన్న తెకోవ కాపరి, మేడిపండ్లవాడు, క్రీ.పూ. 760 ప్రాంతంలో ఉత్తరాన బేతేలుకు వెళ్లాడు. అక్కడ రెండో యరొబాము ఏలే ఇశ్రాయేలు రాజ్యం సిరిసంపదలతో తులతూగుతోంది. అప్పుడు మొదలుపెట్టాడు: ‘కన్యకయైన ఇశ్రాయేలు కూలిపోయెను’ (5:2). అది శవం దగ్గర పాడే ఏడ్పుపాట. హెబ్రీలో దాని నడక మూడు ఊనికలు, ఆపై రెండు, రెండో సగం కుంటుతుంది. బతికి, పండుగ చేసుకుంటున్నవాళ్ల ముఖాన వాళ్ల చావుపాట పాడాడు! మరో రెండు వచనాలకే ‘నన్నాశ్రయించుడి, మీరు బ్రదుకుదురు’. జోస్యమే అయితే ఆ మాటకు చోటెక్కడ? ఆ రాజ్యపు రాజధాని షోమ్రోను నిజంగా కూలింది క్రీ.పూ. 722 ప్రాంతంలో.

శ్లేషలో కూడా అతనిదే చెయ్యి. 8:1–2లో దేవుడు గంపెడు వేసవి పండ్లు చూపించి ‘ఏమిటిది?’ అంటే ఆమోసు ‘కయిస్’ (వేసవి పండు) అన్నాడు. ‘కేస్’ (అంతం) వచ్చింది అని దేవుడి జవాబు. తెలుగులో పండ్లు మిగిలాయి, దెబ్బ పోయింది. 5:24లో ‘గొప్ప ప్రవాహమువలె నీతిని’ అని ఉంది. మూలంలో ఉన్నది ‘నహల్ ఏతాన్’. నహల్ వాగు, ఏతాన్ ఎన్నడూ ఎండనిది. వాన వెలిశాక ఇసుక తేలే వాగులు చూసిన కాపరి మాట అది. అతనికి కావలసింది పెద్ద వరద కాదు, ఎండల్లోనూ పారే నీరు. అనువాదకులకు ‘జీవనది’ చేతికందేంత దూరంలో ఉండి ఎందుకు తట్టలేదో!

మీకా ప్రవక్త సంగతి మరీ విచిత్రం. ‘సీయోను చేనువలె దున్నబడును’ అన్నాడు, హిజ్కియా రాజు కాలంలో అది జరగలేదు. నూరేళ్ల తరువాత యిర్మీయాను చంపబోతుంటే పెద్దలు లేచి (యిర్మీయా 26:18–19), ఆ మాట విని రాజు భయపడి వేడుకున్నాడు, కీడు తప్పింది అని గుర్తుచేశారు. మీకా అబద్ధికుడని ఎవరూ అనలేదు. అయితే ద్వితీయోపదేశకాండం 18:22 చెప్పింది జరగకపోతే అది యెహోవా మాట కాదంటుంది. కాబట్టి భవిష్యత్తును పూర్తిగా తోసేయలేం. వారం వారం వార్తాపత్రిక పక్కన పెట్టుకుని యెహెజ్కేలు ప్రవక్త వచనాలకు దేశాల పేర్లు అతికించడం మాత్రం కాలజ్ఞానం చదివే అలవాటు. బ్రహ్మంగారిని చదివినట్టు ఆమోసును చదివితే అందులోని తిట్లన్నీ పొరుగువారికే తగులుతాయి.

‘ప్రవచనం’ రెండు అర్థాల్లోనూ వాడుకోండి. వ్యాఖ్యానమన్నది పాతది, జరగబోయేది చెప్పడం దానిమీద పెరిగినది, నిఘంటువులో పక్కపక్కన ఉండగలవు. టీవీ పెద్దలకు ‘ప్రవచనకర్త’ అని కొత్త కిరీటం దేనికో నాకు బోధపడలేదు. ప్రవచనం చేసేవాడు ప్రవక్తే. ఆ మాట ఒక మతంవారిదైపోయిందన్న బెరుకు తప్ప కారణం కనబడదు.

స్త్రీ అయితే ప్రవక్త్రి. మిర్యాముకూ హుల్దాకూ తెలుగు బైబిలు అదే వాడింది. ‘ప్రవక్తురాలు’ నోటికి సులువే గాని నేను రాయను, రాసేవారితో పోట్లాడను.