పెద్ద గాయకులు చెప్పే మాటల్లో కొత్తగా పాడేవాళ్లకు నిజంగా పనికొచ్చేవేమిటి?

‘మనసుపెట్టి పాడు’ అని అందరూ అంటారు, కానీ అదెలాగో చెప్పరన్నది మీ బాధ. సబబే. నన్నడిగితే సాహిత్యంతో, అంటే పాటలోని మాటలతో మొదలుపెట్టండి.

1996లో ఈటీవీలో మొదలైన ‘పాడుతా తీయగా’ పాత ఎపిసోడ్లు నాలుగు చూడండి. పిల్లలు ‘ళ’ను ‘ల’ అన్నా, ఒత్తు మింగేసినా ఎస్పీ బాలసుబ్రహ్మణ్యం వదిలేవారు కాదు. పాట రాసిందెవరో, బాణీ కట్టిందెవరో చెప్పించేవారు. ఆయన శాస్త్రీయ సంగీతం పద్ధతిగా నేర్చుకోలేదు. అయినా ‘శంకరాభరణం’ పాటలకు జాతీయ అవార్డు అందుకున్నారు. మీరూ ఆయనలా మాట మీద శ్రద్ధ పెట్టండి. పాడేముందు పాటను ఒకసారి మామూలు మాటల్లా చదవండి. ఎక్కడ ఊపిరి తీసుకోవాలో అప్పుడే తెలుస్తుంది. మాట మధ్యలో ఊపిరి తెగితే ఎంత మంచి గొంతైనా తేలిపోతుంది.

వయసు మీరిందని వెనకాడేవాళ్లకు హిందుస్తానీ గాయకుడు బడే గులాం అలీ ఖాన్ సంగతి చెప్తాను. పక్షవాతం వచ్చాక కూడా కొడుకు మునవ్వర్ తోడుగా కచేరీలు చేశారు. 1968లో కన్నుమూసింది మన బషీర్‌బాగ్ ప్యాలెస్‌లోనే.

సాధకం రోజూ చేయాల్సిందే. అపార్ట్‌మెంట్లో పక్కింటివాళ్ల టెన్షన్ ఉంటే (హైదరాబాద్‌లో ఎవరికి లేదు!) ఫోన్లో శ్రుతి వినిపించే తంబురా యాప్ చిన్నగా పెట్టుకుని మంద్రస్థాయిలో, అంటే కింది స్థాయిలో స్వరాలు సాగదీయండి.

ఘంటసాలను అనుకరించి నేర్చుకోవడంలో తప్పు లేదు. అయితే నెలకో పాటైనా కరావోకే లేకుండా, ఉత్త శ్రుతి మీద పాడి రికార్డు చేసుకోండి. అందులో వినిపించేది మీ గొంతే.