తూకానికి అందని బరువు

చిరంజీవి మనవడికి,

మలక్‌పేట తాతయ్య ఆశీస్సులు.

నిన్న రాత్రి మీ అమ్మ ఫోను చేసింది. అరగంట మాట్లాడితే అందులో సగంసేపు ఏడుపే. పదో తరగతి అయిపోయింది కాబట్టి ఇక చదవను, గుర్రప్పందేల్లో స్వారీ చేసే జాకీని అవుతాను అన్నావట. బూట్లు కొనుక్కోవడానికి గిటారు అమ్మకానికి పెట్టావట. పది రోజులుగా రాత్రిపూట అన్నం మానేసి నిమ్మరసం తాగి పడుకుంటున్నావట. ఇవన్నీ ఫోనులో మాట్లాడితే ఊఁ కొట్టి ఊరుకుంటావు. అందుకే కాగితం మీద పెడుతున్నాను.

ముందు లేచి అన్నం తిను. పెరుగు వేసుకుని తిను. మిగతా ఉత్తరం తిన్న తర్వాత చదువుకో.

నిన్ను వద్దనడానికి నేను రాయడం లేదు. పదిహేనేళ్ళ వయసులో ఇంట్లో చెప్పకుండా రేస్ కోర్సు గేటు దగ్గరకు వచ్చి నిలబడ్డవాణ్ణి. ఆ గేటు లోపల నలభై ఏళ్ళకు పైగా బతికాను. గుర్రం మీద ప్రేమ ఒకసారి పట్టుకుంటే ఎలా ఉంటుందో నాకు తెలుసు. కానీ నువ్వు టీవీలో చూసేది ఒకటిన్నర నిమిషం పరుగు. ఆ పరుగుకు ముందూ వెనకా ఉన్న బతుకేమిటో నీకు చెప్పేవాళ్ళు లేరు.

బరువు సంగతితో మొదలుపెడతాను. నువ్వు పొరపాటు చేయడం అప్పుడే అక్కడ మొదలుపెట్టావు.

పందేనికి ముందు జాకీని జీనుతో సహా తూస్తారు. ఆ గుర్రానికి ఎంత బరువు కేటాయించారో అంతే తూగాలి. తక్కువైతే జీను కింది గుడ్డలో సీసపు బిళ్ళలు పెడతారు. ఎక్కువైతే బిళ్ళ తీసినట్టు ఒంట్లోంచి తీయలేరు కదా. పరుగయ్యాక మళ్ళీ తూస్తారు. యాభై కిలోలకు అటూ ఇటూ తిరిగే లెక్క ఇది. నువ్వు ఇప్పుడు నలభై ఆరు ఉన్నావని మీ అమ్మ చెప్పింది. నీకు పదహారేళ్ళు. మీ నాన్న ఎత్తు చూశావు కదా. నీ ఎముకలు ఇంకా పెరుగుతాయి, నిమ్మరసం తాగినంత మాత్రాన అవి ఆగవు.

ఇంగ్లాండులో ఫ్రెడ్ ఆర్చర్ అని ఒక జాకీ ఉండేవాడు. 1874 నుంచి 1886 దాకా వరుసగా పదమూడేళ్ళు ఆ దేశానికి అతనే ఛాంపియన్. మొత్తం 2,748 పందేలు గెలిచాడు. మనిషి పొడగరి. బరువు దించుకోవడానికి తిండి మానేసేవాడు, విరేచనాల మందు తాగేవాడు. కాన్పులో భార్య పోయింది. ఆ దుఃఖం మీద ఈ ఆకలి. చివరి రోజుల్లో ఒక పెద్ద పందెం కోసం మూడు రోజులు దాదాపు పస్తున్నాడు. అయినా తల తేడాతో ఓడిపోయాడు. ఆ వెంటనే జ్వరం పట్టుకుంది. న్యూమార్కెట్‌లోని సొంత ఇంట్లో, మనసు చెదిరి, తన ప్రాణం తానే తీసుకున్నాడు. అప్పటికి అతనికి ఇరవై తొమ్మిదేళ్ళు. 1886 నవంబరు. ఆరో నిజాం మహబూబ్ అలీఖాన్ మౌలాలి నుంచి పందేలను మన మలక్‌పేటకు మార్పించిన సంవత్సరం కూడా అదే. ఆ సంవత్సరం పేరు ఎక్కడ కనబడినా నాకు ఆర్చర్ గుర్తుకొస్తాడు.

పదమూడేళ్ళు దేశమంతా అతని మీద డబ్బు కాసింది. ‘ఇక చాలు, దిగు’ అని గట్టిగా చెప్పి దింపిన మనిషి ఒక్కరూ లేకపోయారు.

నాకు చెప్పినవాళ్ళు ఉన్నారు. పద్దెనిమిదో ఏట నేను ఒక్కసారిగా నాలుగంగుళాలు పెరిగాను. మే నెల ఎండలో ఒంటికి రబ్బరు గుడ్డ చుట్టుకుని, దాని మీద రెండు స్వెట్టర్లు తొడుక్కుని ట్రాక్ చుట్టూ పరుగెత్తేవాణ్ణి. గుక్కెడు నీళ్ళతో నోరు పుక్కిలించి ఉమ్మేసేవాణ్ణి. మింగితే ఆ నీళ్ళు కూడా తూగుతాయని భయం. ఒక రోజు గుర్రాన్ని నడిపిస్తూ నడిపిస్తూ కళ్ళు తిరిగి దాని కాళ్ళ దగ్గరే పడిపోయాను. అది నన్ను తొక్కలేదు, కదలకుండా నిలబడింది. మా ట్రైనర్ ఆ సాయంత్రం నన్ను కూర్చోబెట్టి, తన కంచంలోంచే రెండు రొట్టెలు తీసి నా ముందు పెట్టి, “రేపటి నుంచి నువ్వు పందెం జాకీవి కాదు, పొద్దుటి రైడర్‌వి” అన్నారు. పొద్దున సాధనకు మాత్రమే గుర్రం ఎక్కేవాడన్నమాట. రాత్రంతా ఏడ్చాను. ఆయన ఆ మాట అనకపోతే ఈ ఉత్తరం రాయడానికి నేను ఉండేవాణ్ణి కాను. ఇప్పుడు కాలం కొంత మారింది. బ్రిటన్ రేస్ కోర్సుల్లో జాకీలు చెమట పట్టించుకునే ఆవిరి గదులను 2021లో పూర్తిగా తీసేశారు. కానీ పదహారేళ్ళ కుర్రవాడు ఇంట్లో తలుపేసుకుని పస్తుంటే ఏ నియమమూ వచ్చి ఆపలేదు.

కాబట్టి ఒక మాట ఇవ్వు. నీ ఒళ్ళు పెరిగి పందేనికి తగకపోతే, ఒంటితో కుస్తీ పట్టనని. ఎప్పుడైనా మనసు మరీ చీకటి పడితే ఏ అర్ధరాత్రయినా నాకు ఫోను చెయ్యి. నేను తెల్లవారుజామున మూడింటికల్లా లేచే ఉంటాను.

ఇక పని. మొదటి నెలల్లో నిన్ను గుర్రం ఎక్కనివ్వరు. చీకటితోనే లేచి పేడ ఎత్తాలి, కింద పరిచిన గడ్డి మార్చాలి, ఒళ్ళు తోమాలి, గిట్టలు శుభ్రం చేయాలి. చాలామంది పిల్లలు ఇక్కడే చిన్నబుచ్చుకుని వెళ్ళిపోతారు. నువ్వు వెళ్ళకు, అసలు విద్య అక్కడే ఉంది. గిట్ట ఎత్తించడం ఎలాగో ఇప్పుడే రాస్తాను, మనసులో వేసుకో.

గుర్రం భుజం పక్కన, దాని తోక వైపు ముఖం పెట్టి నిలబడు. అరచేతిని భుజం మీద ఆనించి, కాలి వెంబడి మెల్లగా కిందికి జార్చు. మధ్యలో చెయ్యి తీయకు. చెయ్యి తీసి మళ్ళీ పెడితే అది ఉలిక్కిపడుతుంది. మోకాలు దాటి వెనక నరం దగ్గరకు వచ్చేసరికి రెండు వేళ్ళతో చిన్నగా నొక్కు. అలవాటైన గుర్రమైతే కాలు తనంతట తనే నీ చేతికి ఇస్తుంది. ఇనుప కొక్కెంతో మడమ నుంచి కొన వైపుకు మట్టి తీయి. నడుమ మెత్తటి ముక్కోణం ఒకటి ఉంటుంది, అక్కడ కొక్కెం తగలనీయకు. అన్నిటికంటే ముఖ్యం, కాలి మీద చెయ్యి జారుతున్నప్పుడు అరచేతికి వేడి తెలుస్తుందేమో గమనించు. ఒక ముంగాలు చల్లగా ఉండి రెండోది వెచ్చగా ఉంటే ఆ నరానికి దెబ్బ తగిలిందన్నమాట. కంటికి వాపు ఇంకా కనబడదు, గుర్రం కుంటదు కూడా. అరచెయ్యి ఒక్కటే ముందు కనిపెడుతుంది.

ఒకసారి మా దగ్గర కొత్తగా చేరిన కుర్రవాడు ఆ వేడి పట్టుకుని, గుర్రాన్ని చూసుకునే సైసుకు చెప్పాడు. సైసు ట్రైనర్‌కు చెప్పాడు. ఆ వారం ఆ గుర్రాన్ని పందెంలోంచి తప్పించారు. అయిదు వందల కిలోల ప్రాణి గంటకు అరవై కిలోమీటర్ల వేగంతో పోతుండగా ఆ కాలు విరిగితే దానికీ, దాని మీద ఉన్నవాడికీ ఏమయ్యేదో ఆలోచించు. ప్రతి పరుగు వెనకాలే ఒక అంబులెన్సు పోతుంది, టీవీలో ఎప్పుడైనా గమనించావా? అది ఎప్పుడూ ఉంటుంది.

సైసులను పేరు పెట్టి అరవకు. వయసును బట్టి అన్నా అను, మామా అను, చాచా అను. గుర్రం గురించి వాళ్ళకు తెలిసినంత మనకెవరికీ తెలియదు.

డబ్బు సంగతి కూడా నీతో మాట్లాడాలి. జాకీ పందెం కాయకూడదు, అది నియమం. కాసేవాళ్ళు మాత్రం నీ చుట్టూ తిరుగుతారు. ఎవరో పెద్దమనిషి వచ్చి టీ ఇప్పిస్తాడు. ఊరు అడుగుతాడు, అమ్మానాన్నలను అడుగుతాడు, చివర మాటల్లో మాటగా “ఆ బూడిదరంగు గుర్రం ఎలా ఉంది బాబూ” అంటాడు. నీ టీ డబ్బులు నువ్వే ఇచ్చేసి లేచి రా. ఆ సాయంత్రమే ఆ విషయం ట్రైనర్ చెవిన వెయ్యి. మర్నాటికి వాయిదా వేయకు.

గిటారు వాయిస్తావు కాబట్టి ఈ కథ నీకు పనికొస్తుంది. మా దగ్గర సికింద్రాబాద్ ఆంగ్లో ఇండియన్ ఒకాయన పొద్దుటి రైడర్‌గా ఉండేవారు. గుర్రపుశాలలో టేప్ రికార్డర్ పెట్టి, బీటిల్స్ అనే ఇంగ్లీషు బృందం పాటలు వేసేవారు. ఆ పాటల వెనక ఒక గుర్రం ఉందని ఆయనే చెప్పారు. మోనా బెస్ట్ అని ఢిల్లీలో పుట్టిన ఒక ఇల్లాలు. పెద్ద కొడుకు పీట్ 1941లో మద్రాసులో పుట్టాడు. యుద్ధం ముగిశాక వాళ్ళు లివర్‌పూల్ చేరారు. ఇంగ్లాండులోని పెద్ద పందెం, 1954 ఎప్సమ్ డెర్బీలో ఆవిడ తన నగలు తాకట్టు పెట్టి నెవర్ సే డై అనే గుర్రం మీద కాసిందట. 33కు 1 ధర పలికిన గుర్రం, అంటే ఒకటి కాస్తే ముప్పై మూడు లాభం. అది గెలిచింది. ఆ డబ్బుతోనే పెద్ద ఇల్లు కొన్నామని ఆ కుటుంబం చెప్పుకునేది. ఆ ఇంటి నేలమాళిగలో 1959 ఆగస్టులో ఆవిడ పిల్లల కోసం కాఫీ క్లబ్బు తెరిచింది. మొదటి రాత్రి అక్కడ పాడినవాళ్ళు జాన్ లెనన్, పాల్ మెకార్ట్‌నీ, జార్జ్ హారిసన్. మరుసటి ఏడాదికి వాళ్ళే బీటిల్స్ అయ్యారు. మద్రాసులో పుట్టిన పీట్ 1962 దాకా వాళ్ళకు డ్రమ్ములు వాయించాడు.

ఇది చదివి పందెం మంచిదే అనుకోకు. నగలు తాకట్టు పెట్టి గెలిచిన ఇంటి కథ ప్రపంచమంతా చెప్పుకుంటుంది. ఓడిన ఇళ్ళ కథలు ఆ గడపలు దాటవు. అలాంటి గడపలు మలక్‌పేట చుట్టుపక్కల నాకు చాలా తెలుసు. నేను చెప్పేది వేరు. ఆ రోజు నెవర్ సే డై మీద ఉన్న జాకీ లెస్టర్ పిగట్. పద్దెనిమిదేళ్ళ కుర్రవాడు, నీకంటే రెండేళ్ళు పెద్ద. తన జీను కింద ఎవరి నగలు ఉన్నాయో అతనికి తెలియదు. నీకూ తెలియదు. నీ ప్రతి పరుగులో ఏ ఇల్లాలి పుస్తెలో నీతో పాటు వస్తుంటాయి. వాటిని ఏ త్రాసూ తూచదు. ఒక్క అడుగు కావాలని వెనక్కి లాగినా ఆ ఇంటికి నువ్వు జవాబుదారీవి.

అదే పిగట్‌కు అదే నెలలో ఇంకొకటి జరిగింది. ఆస్కాట్ రేస్ కోర్సులో అదే గుర్రాన్ని ప్రమాదకరంగా పరుగెత్తించాడని, పందేల నియమాలు చూసే స్టీవార్డులు అతని లైసెన్సు తీసేశారు. నువ్వు మీ నాన్న దగ్గర ఉండవద్దు, మరో ట్రైనర్ దగ్గర పనిచేసి రా అని పంపించారు. తండ్రే ట్రైనర్, కొడుకు డెర్బీ గెలిచిన వీరుడు, అయినా అలా చేశారు. ఆ సెప్టెంబరులో నెవర్ సే డై సెయింట్ లెజర్ అనే మరో పెద్ద పందెం గెలిచినప్పుడు పైన మరో జాకీ ఉన్నాడు. తర్వాత పిగట్ మొత్తం తొమ్మిది డెర్బీలు గెలిచాడు. నువ్వు చేరబోయే చోట నిన్ను అలా ఆపగలిగిన పెద్దవాళ్ళు ఉన్నారా అన్నది అన్నిటికంటే ముందు చూడాలి. జీతం, గది, భోజనం తర్వాత చూసుకోవచ్చు.

అలాంటి పెద్దమనిషి ఒకాయన న్యూమార్కెట్‌లోనే ఉండేవాడు, బాసిల్ ఫాస్టర్. ఆర్చర్ చనిపోయిన ఊరది. మాంచెస్టర్ నుంచి డేవీ జోన్స్ అనే పొట్టి పిల్లవాడు జాకీ కావాలని ఆయన దగ్గర అప్రెంటిస్‌గా చేరాడు. ఎముక సన్నం, చెయ్యి తేలిక, అలాంటి పిల్లవాడు దొరికితే ట్రైనర్ వదులుకోడు. కానీ ఫాస్టర్ ఆ పిల్లవాడి గొంతూ ముఖమూ కూడా చూశాడు. నాటకాల వాళ్ళకు ఒక కుర్రవాడు కావాలని తెలియగానే ఇతన్ని తానే పంపించాడు. డేవీ లండన్‌లో, ఆ తర్వాత న్యూయార్క్‌లో డికెన్స్ కథ మీద కట్టిన సంగీత నాటకంలో వేశాడు. 1964 ఫిబ్రవరి 9న బీటిల్స్ అమెరికా టీవీలో మొదటిసారి పాడిన రాత్రి, అదే కార్యక్రమంలో ఆ నాటక బృందంతో అతనూ ఉన్నాడు. రెండేళ్ళకు మంకీస్ అనే పాటల బృందంలో చేరాడు. 1967లో అతను పాడిన ‘డేడ్రీమ్ బిలీవర్’ అమెరికాలో మొదటి స్థానానికి వెళ్ళింది. అది జాన్ స్టీవర్ట్ రాసిన పాట. రికార్డు సంస్థకు నచ్చని ఒక మాట తీసి, అక్కడ ‘హ్యాపీ’ అని పెట్టి పాడించారు. నువ్వు పోయిన సంక్రాంతికి మా డాబా మీద వాయించిన పాట అదే. నాకు వెంటనే గుర్తొచ్చింది, కానీ అప్పుడు చెప్పలేదు.

గుర్రం అతన్ని వదల్లేదు. 1996 ఫిబ్రవరిలో, యాభయ్యో ఏట, లింగ్‌ఫీల్డ్‌లో తన సొంత గుర్రం డిగ్‌పాస్ట్ మీద ఎక్కి పందెం గెలిచాడు. 2012లో ఫ్లోరిడాలో గుండెపోటుతో పోయే రోజున కూడా తన గుర్రాల దగ్గరకే వెళ్ళాడు.

అందుకని గిటారు అమ్మవద్దు. పేపర్లో పెట్టావో, ఫోనులో పెట్టావో, ఈ రాత్రికే తీసెయ్యి. మొదటి ఏడాది నీకు కొత్త బూట్లు అక్కర్లేదు, నా పాతవి ఉన్నాయి, నూనె రాసి పెడతాను. ఇంటర్ దూరవిద్యలోనైనా కట్టు. ఫీజు నేను కడతాను, ఈ విషయం మీ అమ్మకు చెప్పాను. సెలవులు అయ్యేలోగా నెల రోజులు వచ్చి నా దగ్గర ఉండు. నాకు నమ్మకమున్న ట్రైనర్ ఒకరితో మాట్లాడాను. నిన్ను చూస్తాను, ఎక్కిస్తానని మాట ఇవ్వను అన్నారు. ఆ జవాబు విన్నాకే ఆయన దగ్గరకు పంపవచ్చని నాకు నిశ్చయం అయింది. నెల తర్వాత ఆయన ఏమంటే అది విందాం.

వచ్చేటప్పుడు నాలుగు జతల పాత నూలు బట్టలు, మందపాటి సాక్సులు, ఒక తువ్వాలు తెచ్చుకో. సెంటు పూసుకోకు, గుర్రాలు నీ వాసన నేర్చుకోవాలి. అమ్మను బస్టాండు దాకా రానివ్వు, సిగ్గుపడకు. గిటారు వానకు తడవకుండా గుడ్డ సంచిలో పెట్టి తీసుకురా. సైసుల గదిలో గోడకు మేకు కొట్టించాను.

నీ
మలక్‌పేట తాతయ్య