సాహితికి: మైక్ లేకుండా వాలరెంట్ ఆడటం గురించి

సాహితీ,

హాస్టల్ గదిలో మిగతా ఇద్దరూ పదింటికే పడుకుంటారు కాబట్టి, ఐదుగురు ఐదుగురితో తలపడే ఈ తుపాకుల ఆటలో మైక్ ఆన్ చేయలేకపోతున్నానన్నావు. రెండో కారణం కాస్త మెల్లగా చెప్పావు. అమ్మాయి గొంతు వినపడగానే టీమ్‌లో కొందరు ఆట వదిలేసి నీ వెంట పడుతున్నారని. మొదటిది ఇబ్బంది, రెండోది అన్యాయం. దానికి నువ్వు తగ్గి ఆడాల్సిన పనిలేదు. మైక్ లేకపోతే ర్యాంక్ పెరగదని మీ ఫ్రెండ్ అన్న మాట మాత్రం మనసులో పెట్టుకోకు. రాతతో, పింగ్‌తో (టీమ్‌కి కనిపించేలా మ్యాప్‌లో పెట్టే గుర్తు), క్విక్ కమాండ్లతోనే (కీ నొక్కి పంపే రెడీమేడ్ మాటలు) టీమ్‌కి కావాల్సిన సమాచారం దాదాపు అంతా ఇవ్వొచ్చు. ఎప్పుడు ఏది వాడాలో తెలియాలి, అంతే. అది నాకు తెలిసినంత వరకు రాస్తున్నా.

నేను ఇంజనీరింగ్ చదివే రోజుల్లో హాస్టల్ కంప్యూటర్లన్నీ కలిపిన ల్యాన్‌లో కౌంటర్ స్ట్రైక్ 1.6 అనే తుపాకుల ఆట ఆడేవాళ్లం. హెడ్‌సెట్ ఉన్నవాళ్లు చాలా తక్కువ. అందుకని అందరం రేడియో కమాండ్ల మీదే ఆధారపడేవాళ్లం. కీబోర్డులో జెడ్, ఎక్స్, సి అని పక్కపక్కనే మూడు కీలు. ఒక్కోటి నొక్కితే ఒక్కో మెనూ వచ్చేది, తర్వాత అంకె నొక్కితే మాట వెళ్లేది. సి నొక్కి 2 కొడితే శత్రువు కనిపించాడని, సి నొక్కి 3 కొడితే సాయం కావాలని. కొన్నాళ్లకి చూడకుండానే వేళ్లు వాటంతటవే వెళ్లేవి. మాలో ఒకమ్మాయి సాయం అడిగిందంటే అందరం చేతిలో పని వదిలేసి పరిగెత్తేవాళ్లం, ఎందుకంటే అవసరం లేకుండా ఆ కీ ముట్టేది కాదు. ఇంకొకడు రౌండ్ మొదలైన దగ్గర్నుంచి ‘గో గో గో’ అని కొడుతూనే ఉండేవాడు. నాన్నా పులి కథలాగే, వాడు నిజంగా ఇరుక్కున్నప్పుడు ఎవరూ వెనక్కి తిరిగి చూసేవాళ్లు కాదు.

ఏ ఆటలోనైనా నేను చూసేది ఒక్కటే. ఈ మాట చదివిన మనిషి వెంటనే, ఒకటి రెండు సెకన్లలో, దాన్నిబట్టి ఏదైనా చేయగలడా? చేయగలిగితే పంపు. లేకపోతే అది ఎంత నిజమైనా, నీకు ఎంత కోపంగా ఉన్నా, లోపలే ఉంచుకో.

ఉదాహరణకి లోటస్ మ్యాప్ తీసుకో. మన పడమటి కనుమల్లో ఉన్నట్టు చూపించారే, అదే. నువ్వు సి సైట్ (స్పైక్ అనే బాంబు పెట్టే ఏ, బి, సి చోట్లలో ఒకటి) కాస్తున్నావు. మౌండ్ అనే చోటు వైపు నుంచి ముగ్గురొచ్చారు. వాళ్లలో జెట్ అనే ఏజెంట్‌ని (ఆటలో మనం ఎంచుకునే పాత్రని) బాగానే కొట్టావు కానీ నువ్వే పోయావు. పోగానే కంబాట్ రిపోర్ట్‌లో నువ్వు ఎవరికి ఎంత డ్యామేజ్ ఇచ్చావో కనిపిస్తుంది. జెట్‌కి 110 అని ఉంది. అప్పుడు నువ్వు రాయాల్సింది: ‘3 సి, జెట్ 110’. ఇంకేం వద్దు. హెవీ షీల్డ్ అనే కవచం కొనుక్కుంటే ప్రాణం 100, షీల్డ్ 50, కలిపి 150. అందులో 110 పోతే మిగిలింది 40. వాండల్ అనే తుపాకీ బుల్లెట్ ఒంటికి తగిలితే సరిగ్గా 40 తీస్తుంది. అంటే నీ తర్వాత జెట్ ఎదురుపడే మనిషి తలకి గురిపెట్టుకుంటూ కూర్చోనక్కర్లేదు, ఒంటికి తగిలినా చాలు. నువ్వు చనిపోయి కూడా వాడి చేతికి ఒక బుల్లెట్‌తో అయిపోయే పని అప్పగించావు. అదే చోట ‘నేనొక్కదాన్నే ఉన్నా, ఒక్కరూ రాలేదు’ అని రాశావనుకో. నిజమే కావచ్చు. కానీ అది చదివి ఆ క్షణంలో ఎవరూ చేయగలిగింది లేదు, పైగా జవాబు టైప్ చేయడానికి ఒకడు ఆగిపోతాడు, వాడూ పోతాడు.

చోటు పేర్ల విషయంలో టెన్షన్ పడకు. మినీమ్యాప్ దగ్గర నువ్వు ఉన్న చోటు పేరు చూపిస్తూనే ఉంటుంది, అదే వాడు. యూట్యూబ్‌లో ఒక్కొక్కరు ఒక్కో ముద్దుపేరు పెడతారు, అవన్నీ బట్టీ పట్టాల్సిన పనిలేదు. తెలియని పేరు కంటే ‘సి మెయిన్’ (సి సైట్‌కి వెళ్లే ప్రధాన దారి) అన్నదే ఎక్కువ మందికి అర్థమవుతుంది.

ఇక ఎప్పుడు టైప్ చేయాలి అన్నది. బతికుండగా, రౌండ్ నడుస్తుండగా చేయొద్దు. ఎంటర్ కొట్టి చాట్ తెరిచాక నీ వేళ్లు నడిపించేది అక్షరాల్ని, నీ ఏజెంట్‌ని కాదు. ఎవడో మూల తిరిగి ఎదురొస్తాడు, కంగారులో ముందుకి నడిపించే డబ్ల్యూ నొక్కుతావు, చాట్ బాక్సులో డబ్ల్యూలు బారులు తీరతాయి, నువ్వేమో కదలకుండా నిలబడే చస్తావు. టైపింగ్‌కి రెండు సమయాలున్నాయి: రౌండ్ ముందు కొనుగోళ్లకి ఇచ్చే అర నిమిషం, నువ్వు చనిపోయిన తర్వాత. మిగతా సమయమంతా పింగ్‌దీ, కమాండ్లదీ.

కొనుగోళ్ల సమయాన్ని చాలామంది వృథా చేస్తారు, నాకు బాధగా ఉంటుంది. మైక్ లేనివాళ్లకి టీమ్‌తో నెమ్మదిగా మాట్లాడే వీలు అప్పుడే. ఆ సమయంలో ఇతరులకి ఆర్డర్లు వేయకు, నువ్వేం చేయబోతున్నావో చెప్పు. ‘అందరూ ఏ కి వెళ్లండి’ అని తెలియని మనిషి రాస్తే ఎవరికైనా చిరాకే. ‘నేను సి చూస్తా, ఏ మెయిన్‌లో స్మోక్ వేస్తా’ అని, అంటే అక్కడ కనపడకుండా పొగ కప్పుతానని, రాస్తే మిగతావాళ్లు దాని చుట్టూ సర్దుకుంటారు. డబ్బులు చాలకపోతే చాట్‌లో ‘గన్ ప్లీజ్’ అని బతిమాలక్కర్లేదు, షాపులో ఆ తుపాకీ మీద రైట్ క్లిక్ చేస్తే నీ రిక్వెస్ట్ అందరికీ కనిపిస్తుంది. కొనిచ్చినవాళ్లకి ‘టీవై’ (థాంక్యూ) అని ఒక్క ముక్క రాయి. రెండక్షరాలే, కానీ రాత్రి పదకొండింటికి ముక్కూమొహం తెలియని ఐదుగురిని ఒక టీమ్‌గా చేసేవి ఇలాంటివే.

పింగ్ సంగతి. జెడ్ ఒక్కసారి నొక్కితే మామూలు గుర్తు పడుతుంది, నొక్కిపట్టుకుంటే చక్రం తెరుచుకుంటుంది, అందులో జాగ్రత్త, సాయం కావాలి, వస్తున్నా లాంటివి ఉంటాయి. పెద్ద మ్యాప్ తెరిచి దాని మీద కూడా పింగ్ పెట్టొచ్చు, దూరంగా ఉన్నవాళ్లకి అదే మేలు. శత్రువు కనిపిస్తే ఒక్కసారి పెట్టు, చోటు మారితే మళ్లీ పెట్టు. అదే చోట పదిసార్లు కొడితే చెవులు హోరెత్తి అసలు అడుగుల చప్పుడు వినపడదు, ఈ ఆటలో సగం అడుగుల చప్పుడే కదా.

మైక్ లేనివాళ్లు సగం ఆటగాళ్లు అన్నట్టు ఎవరైనా మాట్లాడితే వాళ్లకి ఎపెక్స్ లెజెండ్స్ సంగతి తెలియదన్నమాట. 2019 ఫిబ్రవరిలో ఆ ఆట వచ్చినప్పుడు అందరూ మెచ్చుకున్నది దాని పింగ్ పద్ధతినే. ఒక్క బటన్‌తో శత్రువు, తుపాకీ, వెళ్లాల్సిన చోటు, అన్నీ చూపించొచ్చు, నీ పాత్ర ఆ మాటని గొంతుతో పలుకుతుంది. కొద్ది వారాల్లోనే ఫోర్ట్‌నైట్ కూడా అలాంటిది తెచ్చింది. 2021లో ఎపెక్స్‌ని విడుదల చేసిన ఈఏ కంపెనీ ఆ పింగ్ పద్ధతి మీద తనకున్న పేటెంట్లని మిగతా ఆటలు తయారుచేసేవాళ్లు ఉచితంగా వాడుకోవచ్చని ప్రకటించింది. వినపడనివాళ్లూ మాట్లాడలేనివాళ్లూ కూడా టీమ్‌తో కలిసి ఆడాలన్నది దాని ఉద్దేశం. గేమింగ్‌లో నాకు చాలా సంతోషం కలిగించిన విషయాల్లో ఇదొకటి.

అయితే ఇదే సాధనంతో తిట్టేవాళ్లూ ఉంటారు, అది నీకు ముందే తెలిసుండాలి. నువ్వు పడిపోయిన చోట వరసగా పింగ్ కొట్టడం ఒక తిట్టే. కార్లతో బంతాట ఆడే రాకెట్ లీగ్‌లో గోల్ ఆపినప్పుడు మెచ్చుకోవడానికి ‘వాట్ ఎ సేవ్’ అన్న క్విక్ చాట్ పెట్టారు, జనం దాన్ని గోల్ వదిలేసినవాడి మీద గుప్పించడం మొదలుపెట్టారు. హార్త్‌స్టోన్ అనే కార్డుల ఆటలోనైతే 2016లో ‘సారీ’ అన్న ఎమోట్‌నే (నొక్కితే పాత్ర పలికే మాటనే) తీసేశారు, దాని చోట ‘వావ్’ పెట్టారు. ఎదుటివాణ్ని ఏడిపించడానికే ‘సారీ’ని ఎక్కువగా వాడేవారు మరి. కాబట్టి ఎవరైనా అలా చేస్తే అది నీ ఆట మీద తీర్పు అనుకోకు, తిరిగి అదే పని చేయకు.

ఆల్ చాట్ గురించి ఒక జాగ్రత్త. షిఫ్ట్ పట్టుకుని ఎంటర్ కొడితే రాసింది అవతలి టీమ్‌కి కూడా వెళుతుంది. అలవాటుగా ఒక కన్ను ఆ బాక్సు ముందున్న పేరు మీద పెట్టు, లేకపోతే మీ స్మోక్ ఎక్కడ పడబోతోందో వాళ్లకే చెప్పినట్టవుతుంది. మొదట్లో ‘జీఎల్ హెచ్ఎఫ్’ (గుడ్ లక్, హ్యావ్ ఫన్), చివర్లో ‘జీజీ’ (గుడ్ గేమ్), అంతకు మించి ఆల్ చాట్‌లో నీకు పనిలేదు. తేలిగ్గా గెలిచేశామని వెక్కిరించే ‘జీజీ ఈజీ’ని మాత్రం ఎప్పుడూ రాయకు. ఓవర్‌వాచ్‌లో 2016లోనే ఆ మాట టైప్ చేస్తే దానంతటదే మారిపోయి, ‘నా నిద్రవేళ దాటిపోయింది, మా అమ్మకి చెప్పకండి’ లాంటి వాక్యాలు పడేలా చేశారు. ఆ ఏర్పాటు చేసినవాళ్లంటే నాకు గౌరవం.

టీమ్‌లో ఒక్కడే మిగిలి పోరాడుతున్నప్పుడు, చచ్చినవాళ్లు చాట్ వాడటం చాలా సున్నితమైన పని. స్పైక్ పెట్టాక పేలడానికి 45 సెకన్లు, దాన్ని తీసెయ్యడానికి 7 సెకన్లు పడుతుంది. సగం దాటాక ఆగినా ఆ సగం నిలిచిపోతుంది, మిగిలిన మూడున్నర సెకన్లు చాలు. నువ్వు సగం తీసి చనిపోయావనుకో, బతికున్నవాడికి ‘హాఫ్’ అన్న ఒక్క ముక్క రాయి. వాడు పరిగెత్తాలా, ముందు వెతకాలా అన్నది ఆ ముక్కే తేలుస్తుంది. ఆ తర్వాత కీబోర్డు మీద నుంచి చేతులు తీసెయ్. ‘వెనక చూడు, ఎడమ చూడు, టైమ్ లేదు’ అంటూ నలుగురు చచ్చినవాళ్లు కలిసి రాస్తే గెలిచేవాడు కూడా ఓడిపోతాడు. ఓడితే ‘ఎన్‌టీ’ (నైస్ ట్రై) అని రాయి. బాగా ప్రయత్నించావని ఒకరు అన్నాక ఆ మనిషి తర్వాతి రౌండ్ ఎలా ఆడతాడో నువ్వే చూస్తావు.

ముంబై సర్వర్‌లో నీ టీమ్‌లో హిందీ, తమిళం, బెంగాలీ, మలయాళం అన్నీ ఉంటాయి. మధ్యలో ఎవరో ‘అయ్యో’ అనో ‘రేయ్ మామా’ అనో రాస్తారు, ప్రాణం లేచొస్తుంది. ఆ సంతోషం నాకూ ఇష్టమే. కానీ మిగతా ముగ్గురికి అర్థంకాని భాషలో టీమ్ చాట్ నింపకు, సమాచారం మాత్రం అందరికీ తెలిసిన మాటల్లోనే ఇవ్వు. తెలుగు కబుర్లు, మీతో కలిసి వచ్చిన ఫ్రెండ్స్‌కే కనిపించే పార్టీ చాట్‌లో పెట్టుకోండి. ఇంకొకటి, మనవాళ్లే అనగానే జాగ్రత్త సడలుతుంది. ‘మీదే ఊరు, ఏ కాలేజీ, ఇన్‌స్టా ఉందా’ అని వరసగా అడిగితే ఊరు పేరు దగ్గరే ఆపెయ్. గేమ్ ఐడీలో అసలు పేరు, పుట్టిన సంవత్సరం ఉంటే ఇవాళే మార్చు. ఫ్రీగా వీపీ (ఆటలో వస్తువులు కొనుక్కునే పాయింట్లు) వస్తాయని లింక్ పంపిస్తే అది ఫ్రెండ్ అకౌంట్ నుంచి వచ్చినా ముట్టుకోకు, ఓటీపీ అడిగితే మాట్లాడకుండా బ్లాక్ చెయ్.

ఇక నిన్ను అమ్మాయివని ఏడిపించేవాళ్ల విషయం. వాళ్లతో వాదించకు, వాళ్లకి కావాల్సిందే అది. ఎస్కేప్ నొక్కితే వచ్చే ఆటగాళ్ల జాబితాలో ఒక్కొక్కరి చాట్‌నీ వాయిస్‌నీ విడివిడిగా ఆపేయొచ్చు. మొదటి చెడ్డ మాటకే ఆపెయ్, రెండోదాకా ఆగకు. ఆట అయ్యాక రిపోర్ట్ చెయ్యి, తప్పకుండా చెయ్యి. సెట్టింగ్స్‌లో మ్యూట్ చేసే పదాల జాబితా ఉంటుంది. ఇంగ్లీషు అక్షరాల్లో రాసే మన తెలుగు బూతుల్ని ఆటోమేటిక్ ఫిల్టర్లు సరిగా పట్టుకోవు కాబట్టి వాటిని నువ్వే అందులో ఎక్కించాలి, ఒక్కోదానికి రెండు మూడు స్పెల్లింగులతో. ఆ పని అసహ్యంగా అనిపిస్తుంది, ఒక్కసారి చేస్తే అయిపోతుంది. ఎవడైనా ఆట బయటికి వచ్చి బెదిరిస్తే, నీ ఫొటోలూ నంబరూ అంటూ మొదలుపెడితే, స్క్రీన్‌షాట్లు తీసి దాచి, ముందు నాకు ఫోన్ చెయ్యి. మీ హైదరాబాద్‌లో షీ టీమ్స్ ఉన్నారు, జాతీయ సైబర్ క్రైమ్ పోర్టల్ ఉంది, ఇద్దరం కలిసి కంప్లయింట్ పెడదాం. ఆడటం మానెయ్యమని మాత్రం నేను అనను. అక్క అన్నా సరే, మీ అమ్మతో నేను మాట్లాడతా.

ఈ వారం ర్యాంక్డ్ జోలికి పోకు. స్విఫ్ట్‌ప్లే ఆడు, ఐదు రౌండ్లు గెలిస్తే అయిపోతుంది, పావుగంటలో తేలిపోయే ఆట కాబట్టి చదువుకీ అడ్డు రాదు. పింగ్ చక్రంలో ఏది ఏ వైపు ఉందో చూడకుండా చెయ్యి వెళ్లేదాకా అదే సాధన చెయ్యి. ఆదివారం సాయంత్రం నాకు ఖాళీ ఉంది, పార్టీకి ఇన్వైట్ పంపు. నేనూ మైక్ ఆపేసే ఆడతా.

మీ పిన్ని