ముందు అవతలివాళ్ళ వాదన మీరు చెప్పండి

ఇంట్లో, ఆఫీసులో చర్చ వచ్చినప్పుడు మీ వైపు న్యాయం ఉన్నా మాట తడబడుతోందని, అవతలివాళ్ళు చెప్పేదాంట్లో ఎక్కడో తేడా ఉందని తెలుస్తున్నా అదెక్కడో పట్టుకోలేకపోతున్నానని, దీనికి లాజిక్ పుస్తకాలు చదవాలా అని అడిగారు. చదవండి, మంచిదే. కానీ నన్నడిగితే వాదన నేర్చుకోవడానికి ఒక్క అలవాటు చాలు. మీ మాట మొదలుపెట్టే ముందు అవతలివాళ్ళ మాటను వాళ్ళకంటే బాగా మీరే చెప్పాలి. మన శాస్త్రాల్లో పూర్వపక్షం అనేది ఇదే. ముందు ప్రత్యర్థి వాదనంతా చెప్పి, ఆ తర్వాతే సిద్ధాంతానికి, అంటే తాము తేల్చే మాటకు వస్తారు. ఇది వస్తే తక్కినవన్నీ వాటంతట అవే వస్తాయని నా గట్టి నమ్మకం. మా అపార్ట్‌మెంట్ మీటింగ్‌లో ఒకావిడ చేస్తుంటే చూసి నేర్చుకున్నాను నేను.

మా బిల్డింగ్‌లో ఒక దశలో నీళ్ళు చాలడం మానేశాయి. రాత్రి మోటారు వేసి పై టాంకు నింపినా తెల్లారేసరికి కుళాయి తిప్పితే గాలి తప్ప ఏమీ రాదు. సరిగ్గా ఆ రోజుల్లోనే పై అంతస్తులోకి పెళ్ళికాని కుర్రాళ్ళు అయిదుగురు అద్దెకు దిగారు. ఇంకేముంది, కారణం దొరికిపోయింది. లిఫ్టులో ఇద్దరు కలిస్తే ఇదే మాట. వాళ్ళను ఖాళీ చేయించాలని ఓనర్‌కు ఉత్తరం రాయడానికి మీటింగ్ పెట్టారు, ఆ కుర్రాళ్ళలో ఒకణ్ణి కూడా పిలిచారు. వాడు వచ్చి గోడకు ఆనుకుని నిలబడ్డాడు, కూర్చోమని కూడా ఎవరూ అనలేదు.

ఒక అరగంట ఎవరికి తోచింది వాళ్ళు అరిచారు. రాత్రిళ్ళు మ్యూజిక్ అన్నారు, బైకులు అడ్డంగా పెడతారన్నారు, చెప్పులు మెట్ల మీద విడుస్తారన్నారు. నీళ్ళకూ చెప్పులకూ ఏం సంబంధమో ఎవరూ అడగలేదు. ఆ కుర్రాడు "మేం అంత వాడటం లేదండీ" అంటే "అయితే మేం అబద్ధాలు చెబుతున్నామా" అని నలుగురు ఒకేసారి లేచారు. నాకు చెప్పలేనంత టెన్షన్‌గా ఉంది, వాడి తరఫున మాట్లాడాలని ఉంది, కానీ ఏం మాట్లాడాలో తోచలేదు.

అప్పుడు రెండో అంతస్తులో ఉండే రిటైర్డ్ లెక్కల టీచరు, మేమంతా టీచరమ్మ అంటాం, "సెక్రటరీ గారూ, మీరనేది నాకర్థమైనంతలో నేను చెప్తాను, ఎక్కడైనా తప్పితే ఆపండి" అన్నారు. అని మొదలుపెట్టారు. వీళ్ళు రాకముందు ఈ సమస్య లేదు, వచ్చాకే మొదలైంది. మిగతా ఇళ్ళలో ముగ్గురో నలుగురో ఉంటే ఆ ఇంట్లో అయిదుగురు పెద్దవాళ్ళు. వాషింగ్ మెషీన్ అర్ధరాత్రి తిరుగుతోంది, అది మనం విన్నాం. ఇంతవరకూ అందరూ చెబుతున్నదే. ఆ తర్వాత ఎవరికీ తట్టనిది ఆవిడే ఇంకొకటి కలిపారు: "పైగా వీళ్ళు ఇంటి నుంచే పని చేస్తారు, మన పిల్లలు పగలంతా స్కూళ్ళలో, మనం ఆఫీసుల్లో ఉంటాం, వీళ్ళు రోజంతా ఇక్కడే. అంటే వాడకం ఇంకా ఎక్కువ ఉండే అవకాశం ఉంది. ఇదేనా మీరనేది?" సెక్రటరీ గారి ముఖం విప్పారింది. "అదేనమ్మా, నేను చెప్పాలనుకున్నది మీరే బాగా చెప్పారు" అన్నారు. ఆ కుర్రాడు మాత్రం ఇక తన పని అయిపోయిందన్నట్టు తల దించుకున్నాడు.

"సరే, ఇదంతా నిజమే అనుకుందాం. అప్పుడు వీళ్ళు ఊళ్ళో లేని రోజు టాంకులో నీళ్ళు మిగలాలి కదా?" అన్నారావిడ. ఒక్క క్షణం ఎవరూ మాట్లాడలేదు. మిగలాలి అన్నారు సెక్రటరీ గారు. కాదనడానికి లేదు మరి, తన వాదనే అది, తనే ఒప్పుకున్నాడు. "మీరెప్పుడైనా అందరూ కలిసి ఊరెళ్తారా బాబూ?" అంటే, వచ్చే శని ఆదివారాలు వెళ్తున్నామన్నాడు కుర్రాడు. ఉత్తరం ఆగిపోయింది.

వాళ్ళు వెళ్ళిన రాత్రి సెక్రటరీ గారే స్వయంగా టార్చి పట్టుకుని టెర్రస్ ఎక్కారు, తోడుగా నేనూ వెళ్ళాను. టాంకు మూత ఎత్తి, నీళ్ళు ఎంతవరకు ఉన్నాయో లోపలి గోడ మీద సుద్దముక్కతో గీత గీశారు. బిల్డింగ్ అంతా నిద్రపోయాక మళ్ళీ చూస్తే నీళ్ళు గీత కింద జానెడు దిగి ఉన్నాయి. ఆయన ఏమీ అనకుండా ఇంకో గీత గీశారు. తర్వాత ఒక్కో లైనుకు వెళ్ళే వాల్వు కట్టేసి కాసేపు ఆగి చూడటం, మళ్ళీ తిప్పి ఇంకొకటి కట్టడం. చివరికి ఒక లైను కట్టేస్తే నీళ్ళు కదలకుండా నిలిచాయి. ఆ లైన్లో ఒక ఫ్లాటు తాళం వేసి ఉంది, ఓనరు వేరే చోట ఉంటారు. మర్నాడు తాళం తీస్తే బాత్రూంలో ఫ్లష్ టాంకు పాడైపోయి, నీళ్ళు కమోడ్ లోపలి గోడ మీదుగా ధారగా జారిపోతూనే ఉన్నాయి. ఆ ఇంట్లో మనిషే లేడు కాబట్టి వినేవాళ్ళూ లేరు.

ఇందులో గమనించాల్సింది, టీచరమ్మ ఆ కుర్రాణ్ణి వెనకేసుకు రాలేదు. "పాపం చిన్నపిల్లలు" అనలేదు. ఎదుటి వాదనను బలంగా నిలబెట్టారు, నిలబెట్టాకే దానికి ఆసరా ఏదో, ఆ ఆసరా లేకపోతే ఏమవుతుందో అందరికీ కనిపించింది. పైగా తన వాదనను తానే ఒప్పుకున్న మనిషి తర్వాత "నేనలా అనలేదు" అనడానికి వీల్లేదు. సగం గొడవలు నడిచేది ఈ "నేనలా అనలేదు" మీదే.

తర్వాతెప్పుడో న్యాయశాస్త్రం (కోర్టుల చట్టం కాదు, మన పాత తర్కశాస్త్రం) గురించి చదువుతుంటే ఆ మీటింగ్ కళ్ళకు కట్టింది. కొండ మీద పొగ ఉంది కాబట్టి నిప్పుంది అనేది అందులో అందరికీ తెలిసిన ఉదాహరణ. ప్రతిజ్ఞ (తేల్చదలచిన మాట), హేతువు (కారణం), ఉదాహరణ, ఉపనయం (దాన్ని ఇక్కడికి అన్వయించడం), నిగమనం (తీర్పు) అని అయిదు మెట్లుగా చెబుతారు దాన్ని. మూడో మెట్టు చూడండి, ఎక్కడ పొగ ఉంటే అక్కడ నిప్పుంటుంది అని నియమాన్ని పైకి చెప్పి తీరాలి, దానికి అందరూ ఒప్పుకునే ఉదాహరణ కూడా ఇవ్వాలి. మనం రోజూ వాదించేటప్పుడు మింగేసేది ఈ మెట్టునే. కారణం చెబుతాం, తీర్పు చెబుతాం, రెంటినీ కలిపే నియమం గొంతులోనే ఉండిపోతుంది. ఇక ఆ మాటను తిరగేసి, నిప్పుంది కాబట్టి పొగ ఉంటుంది అంటే నిలవదు. ఎర్రగా కాలిన ఇనుపగుండులో నిప్పుంది, పొగ లేదు. పొగ రావాలంటే తడి కట్టె కూడా తగలాలి. మా వాళ్ళు చేసింది అచ్చంగా ఇదే. నీళ్ళు విపరీతంగా వాడితే టాంకు ఖాళీ అవుతుంది, నిజమే. కానీ టాంకు ఖాళీ అయింది కాబట్టి ఎవరో విపరీతంగా వాడారు అనేది నిలవదు.

అయినా అందరూ ఎందుకంత ధీమాగా ఉన్నారంటే, వాళ్ళు వెతికినవన్నీ అవుననే సాక్ష్యాలే. 1960లో పీటర్ వేసన్ అనే మనస్తత్వ శాస్త్రవేత్త ఒక చిన్న పరీక్ష పెట్టాడు. 2, 4, 6 అనే అంకెలు ఒక నియమం ప్రకారం ఉన్నాయి, మీరూ మూడేసి అంకెలు చెప్పండి, నియమానికి సరిపోతాయో లేదో చెబుతాను, నమ్మకం కుదిరాక నియమమేమిటో చెప్పండి అన్నాడు. చాలామంది 8, 10, 12 లాంటివే అడిగి, ప్రతిసారీ అవుననిపించుకుని, రెండేసి పెరిగే అంకెలని తేల్చేశారు. అసలు నియమం పెరుగుతూ పోవడం, అంతే. 1, 2, 3 అని ఒక్కసారి అడిగితే తెలిసిపోయేది. కాదని వస్తుందేమోనన్న ప్రశ్న అడగడమే మనకు చేతకాదు. వాషింగ్ మెషీన్ చప్పుడు విన్నవాళ్ళు మా దగ్గర బోలెడుమంది, ఆ కుర్రాళ్ళు లేని రోజు టాంకు చూద్దామన్నది ఒక్కరే.

ఈ సందర్భంగా నాకు ఒళ్ళు మండే సంగతి ఒకటి చెప్పాలి. స్కూళ్ళలో డిబేట్ పోటీలని పెడతారు, నువ్వు ఈ వైపు, నువ్వు ఆ వైపు అని చీటీలు తీస్తారు, ఎవరు గట్టిగా గుక్క తిప్పుకోకుండా మాట్లాడితే వాళ్ళకు కప్పు. ఎదుటివాడి మాట విన్నందుకు, సరిగ్గా తిరిగి చెప్పినందుకు మార్కులు ఉండనే ఉండవు. ఆ పిల్లలే పెద్దయ్యాక టీవీలో ఒకరి మీద ఒకరు అరుస్తుంటారు. ఇంకో రకం వాళ్ళున్నారు, తర్కదోషాల పేర్లు నాలుగు బట్టీ పట్టి, ఎవరేమన్నా ఆ పేరొకటి తిట్టులా విసిరేసి నెగ్గామనుకుంటారు. పేరు పెట్టగానే సరిపోదండీ, దోషం ఎక్కడుందో ఎదుటివాళ్ళకు కనిపించేలా చూపించాలి. అందుకే నేను పుస్తకాలకంటే ముందు ఈ అలవాటు చెప్పింది.

మీ మాట తడబడటం గురించి కూడా అడిగారు కదా. అవతలి వాదన తెలియక తడబడతాం, తెలిస్తే మాట దానంతటదే వస్తుంది. రోమన్ వక్త సిసెరో ప్రత్యర్థి కేసును తన కేసంత శ్రద్ధగా, ఆ మాటకొస్తే ఇంకా ఎక్కువ శ్రద్ధగా చదివేవాడని, తన వైపు మాత్రమే తెలిసినవాడికి అదీ పెద్దగా తెలియనట్టేనని ఇంగ్లీషు తత్వవేత్త జాన్ స్టూవర్ట్ మిల్ 1859లో రాశాడు. ఆఫీసులో మీటింగ్ ఉందనుకోండి, మీ పాయింట్లు రాసుకునే ముందు మీ మేనేజరు ఎందుకు వద్దంటారో ఆయన మాటల్లోనే ఒక కాగితం మీద రాయండి. రాయలేకపోతే ఆయన్నే వెళ్ళి అడగండి, ముందురోజే. ఇంట్లో అయితే ఇంకా తేలిక. "అంటే నువ్వనేది ఇదేనా నాన్నా?" అని తిరిగి చెప్పి చూడండి. "అది కాదురా" అన్నారంటే మీరిద్దరూ ఇంతసేపూ వేరే వేరే విషయాల మీద పోట్లాడుకున్నారన్నమాట, ఆ తర్వాత ఆయన చెప్పేదే అసలు సంగతి. ఉద్యోగం మారతానంటే వద్దనే తండ్రి జీతం గురించి మాట్లాడుతున్నట్టే ఉంటారు, తీరా చూస్తే ఆయన భయం మీరు దూరం వెళ్ళిపోతారని. జీతం లెక్కలు ఎన్ని చెప్పినా ఆ వాదన తెగదు.

ఇదంతా అందరితోనూ కుదురుతుందా అంటే కుదరదు. న్యాయశాస్త్రం వాళ్ళే చర్చను మూడు రకాలు చేశారు. నిజం తేల్చుకోవడానికి చేసేది వాదం, ఎలాగైనా నెగ్గడానికి చేసేది జల్పం, తనదంటూ ఏ పక్షమూ నిలబెట్టకుండా ఎదుటివాడిది కొట్టిపారేయడమే పనిగా పెట్టుకున్నది వితండం. జల్పానికి దిగినవాళ్ళను కూడా పూర్వపక్షంతో దారికి తేవచ్చు, మా సెక్రటరీ గారు అలా వచ్చినవారే. వితండవాదం చేసేవాళ్ళకు తిరిగి చెప్పడానికి వాళ్ళ దగ్గర వాదన ఉండదు. "సరే, మరి మీ ఉద్దేశం ఏమిటి?" అని ఒకసారి అడగండి, రెండోసారి కూడా అడగండి. అప్పటికీ చెప్పకపోతే లేచి మీ పని మీరు చూసుకోండి.