ముందు ఆ 'వైనం' కొట్టెయ్

తమ్ముడూ,

క్యాను నీళ్ల ప్లాంట్ల మీద టీవీకి నువ్వు రాసిన స్క్రిప్టు రెండుసార్లు చదివాను. దేవరకొండ ముసలమ్మ మాట దగ్గర ఆగిపోయాను. "బోరు నీళ్లకు భయపడి పైసలు పెట్టి కొంటున్నం, ఇవి గూడ బోరు నీళ్లేనా బిడ్డా?" అక్కడ నువ్వు నోరు మూసుకుంటే సరిపోయేది. "అమాయక ప్రజలను నిలువునా దోచుకుంటున్న వైనం" అని తగిలించావు. ఈ 'వైనం' మా తరం టీవీకి అంటించిన జబ్బు. కొట్టెయ్.

అసలు తప్పు వేరే ఉంది. నీళ్లలో కరిగిన లవణాలన్నీ కలిపి ఎంతో చూపే టీడీఎస్ మీటరును క్యానులో ముంచి, 420 చూపించి "విషం" అన్నావు. 500 దాకా మామూలే. నల్లగొండ జిల్లావాడివి, మన పీడ ఫ్లోరైడ్ అని నీకు నేను చెప్పాలా? ఆ మీటరుకు ఫ్లోరైడ్ విడిగా కనిపించదు. లీటరుకు 1.5 మిల్లీగ్రాములు దాటిందో లేదో ల్యాబ్‌లోనే తేలుతుంది. ప్లాంటు వాళ్లు ఆ మీటరు చూపించి గిరాకీని నమ్మిస్తారు, నువ్వు అదే మీటరుతో భయపెడుతున్నావు. తేడా ఏముంది?

నేనూ ఈ గుంతలో పడ్డవాణ్నే. మిర్యాలగూడ రోడ్డు మీద ఒక బంకులో పెట్రోలు తక్కువ పోస్తున్నారని, ప్లాస్టిక్ డబ్బా మీద పెన్నుతో గీత గీసుకుని కెమెరాతో దిగాను. పొద్దున్నుంచే స్క్రోలింగ్ నడుస్తోంది. ఓనరు అరవలేదు. తూనికలు కొలతల శాఖ ముద్ర ఉన్న 5 లీటర్ల కొలత పాత్ర తెచ్చి నా ముందే నింపించాడు. 25 మిల్లీలీటర్ల దాకా తేడా ఒప్పుకుంటారు, అక్కడ అంత కూడా లేదు. ఆయనే చాయ్ తెప్పించాడు. ఆ చాయ్ గొంతు దిగలేదు. మర్నాడు పన్నెండు సెకన్లు క్షమాపణ చదివాను. అప్పటి నుంచి ముద్ర ఉన్న కొలత, చేతిలో బిల్లు లేకుండా నేను మైకు పట్టలేదు.

నిజంగా దొంగ దొరికినప్పుడు ఏమైందంటావా? యాడ్స్ వాళ్ల నుంచి ఒక్క ఫోను వచ్చింది, స్టోరీ పోయింది. మిగిలిన వాటిలోనూ చివరి అర నిమిషం కోసేవారు. ఫిర్యాదు రెండేళ్లలోపు చేయాలి, కొన్నది 5 లక్షల లోపుదైతే జిల్లా వినియోగదారుల కమిషన్‌లో ఫీజు లేదు, లాయరు లేకున్నా మనమే వాదించుకోవచ్చు, వినియోగదారుల హెల్ప్‌లైన్ 1915కు ఫోను చేయొచ్చు. ఇవి చెప్పే ముక్క అది. "బోరు కొడుతుంది" అనేవాడు మా ఎడిటరు. చూసేవాడికి పనికొచ్చేది అదొక్కటే కదా! ఆ కోపం నాకింకా పోలేదు.

ఛానెల్‌లో జీతం ఎంతిస్తారని అడిగావు. అది ఇంకోసారి.

ఇంకొకటి మర్చిపోయావు. ఆ ముసలమ్మ ఇంట్లో కృష్ణా నీళ్ల నల్లా ఉందన్నావు, మరి ఆమె క్యాను ఎందుకు కొంటోంది? అడిగి రా. నల్లా నీళ్లు ఒక సీసాలో, క్యాను నీళ్లు ఒక సీసాలో పట్టి పరీక్షకు ఇవ్వు. క్యానుకు బిల్లు అడుగు, ఇవ్వకపోతే ఆ ఇవ్వనన్నదే రికార్డు చెయ్. ప్లాంటు ఓనరు మాట కూడా పెట్టు. రిపోర్టు వచ్చాక ముందు ఆ ముసలమ్మకు చదివి వినిపించు, తర్వాత నాకు పంపు.

నీ అన్న,
నల్లగొండ